జమైకా వేగం: క్యాలెండర్ ఎవరి చేతిలో ఉంది?

సంపాదకులకు నమస్కారం.

2025 సెప్టెంబరులో టోక్యోలో జరిగిన ప్రపంచ అథ్లెటిక్స్ పోటీల్లో పురుషుల 100 మీటర్ల పరుగులో మొదటి రెండు స్థానాలూ జమైకావే. ఒబ్లిక్ సెవిల్ 9.77 సెకన్లతో స్వర్ణం, కిషేన్ థాంప్సన్ 9.82తో రజతం గెలిచారు. జమైకా గెలిచిన ప్రతిసారీ పత్రికల్లో వచ్చే కారణాలు మనందరికీ కంఠతా వచ్చు: రక్తంలోనే ఉన్న వేగం, చిన్నప్పటి నుంచి తినే పెండలం దుంప, పేదరికం పుట్టించిన కసి. ఆ ఇద్దరూ కింగ్‌స్టన్‌లోనే ఉంటూ, ఇద్దరు పోటాపోటీ కోచ్‌ల దగ్గర తయారయ్యారన్న సంగతి మాత్రం, వస్తే గిస్తే, చివర్లో ఒక వాక్యంగా వస్తుంది. స్ప్రింట్ శిక్షణలో ఉన్నవాళ్లుగా మాకు ఆ వాక్యమే అసలు వార్త.

రక్తమే కారణమైతే అది 1976లోనూ ఉంది. ఆ ఏడాది మాంట్రియల్‌లో డాన్ క్వారీ 200 మీటర్ల ఒలింపిక్ స్వర్ణం గెలిచాడు. ఆ తర్వాత మెర్లీన్ ఓటీ రెండు దశాబ్దాల పాటు పతకాల మీద పతకాలు తెచ్చింది. క్వారీ సదరన్ కాలిఫోర్నియా విశ్వవిద్యాలయంలో, ఓటీ నెబ్రాస్కాలో రాటుదేలారు. హైస్కూలు దాటగానే స్కాలర్‌షిప్ పట్టుకుని అమెరికా విమానం ఎక్కడమే అప్పటి దారి. పెండలం అప్పుడూ తిన్నారు. తేడా వచ్చిందల్లా ఒక్కచోట: పద్దెనిమిదేళ్ల కుర్రాడు ఆ తర్వాతి ఏడెనిమిదేళ్లు ఎవరి చేతిలో ఉంటాడు, ఏ పోటీలో పరిగెత్తాలో, ఏది మానుకోవాలో ఎవరు నిర్ణయిస్తారు అన్నచోట.

అమెరికా కాలేజీ కోచ్‌లకు పని రాదని మేం అనడం లేదు. వాళ్లకు జీతమిచ్చేది విశ్వవిద్యాలయం. దానికి కావలసింది జూన్‌లో జరిగే జాతీయ కాలేజీ పోటీల్లో పాయింట్లు. జనవరి నుంచి మార్చి దాకా ఇండోర్ సీజన్, అది ముగిసీ ముగియకముందే అవుట్‌డోర్. మంచి స్ప్రింటర్ దొరికితే 100, 200, 4×100 రిలే, జట్టుకు అవసరం పడితే 4×400 కూడా అతని చేతే పరిగెత్తిస్తారు, అదీ హీట్స్‌తో, అంటే తొలి రౌండ్లతో సహా ఒకే వారాంతంలో. స్కాలర్‌షిప్ మీద చదువుకుంటున్న పిల్ల ‘ఈ వారం నేను దిగను’ అనలేదు. ప్రపంచ పోటీలు వచ్చేదేమో ఆగస్టులోనో సెప్టెంబరులోనో. అప్పటికి కాళ్లలో సత్తువ ఏపాటి మిగులుతుంది? పైగా చదువు పూర్తయ్యాక స్కాలర్‌షిప్ ఆగిపోతుంది, కోచ్ మారతాడు, బ్లాక్స్ (పరుగు మొదట్లో పాదాలు ఆనించే దిమ్మలు) నుంచి లేచే తీరు దగ్గర్నుంచి అన్నీ 22 ఏళ్ల వయసులో మళ్లీ మొదటికొస్తాయి. ఈ దారిలోనూ పైకొచ్చినవాళ్లు లేకపోలేదు. వెరోనికా క్యాంప్‌బెల్ అర్కాన్సాలో చదువుకుంటున్న రోజుల్లోనే 2004 ఏథెన్స్‌లో 200 మీటర్ల స్వర్ణం గెలిచింది. కానీ దారిలో రాలిపోయినవాళ్ల పేర్లు ఎవరూ రాయరు.

ఇంట్లోనే తయారుచేయాలన్న ఆలోచన ఒక్క రోజులో పుట్టలేదు. 1961లో 100 గజాల పరుగులో 9.3 సెకన్ల ప్రపంచ రికార్డును సమం చేసిన డెనిస్ జాన్సన్, శాన్ హోసే స్టేట్‌లో బడ్ వింటర్ దగ్గర నేర్చుకున్న విద్యను కింగ్‌స్టన్‌కు పట్టుకొచ్చాడు. నేడు యూటెక్ అని పిలిచే సాంకేతిక విశ్వవిద్యాలయంలో క్రీడావిభాగాన్ని నిలబెట్టింది ఆయనే. 1980లో క్యూబా సాయంతో జి.సి. ఫాస్టర్ కాలేజీ మొదలైంది. వ్యాయామ ఉపాధ్యాయుల్ని, కోచ్‌లను తయారుచేయడమే దాని పని. అక్కడ చదివినవాళ్లు దేశంలోని స్కూళ్లకు చేరారు. ప్రపంచ చాంపియన్ పుట్టడానికి ఇరవై ముప్పై ఏళ్ల ముందు కోచ్‌లు పుట్టారన్నమాట. ఈ వరుస తప్పించి, ముందు స్టేడియం కట్టి తర్వాత కోచ్‌ను వెతికే పద్ధతికి ఫలితం ఎలా ఉంటుందో చెప్పనక్కర్లేదు.

ఈ నేల మీదనే 1999లో స్టీఫెన్ ఫ్రాన్సిస్ తన తమ్ముడు పాల్, మరో ఇద్దరితో కలిసి ఎం.వి.పి. క్లబ్ పెట్టాడు. ఆయన పేరున్న అథ్లెట్ కాదు. ఎంబీఏ చదివి, ఆడిటింగ్ సంస్థ కేపీఎంజీలో కన్సల్టెంట్‌గా పనిచేసి, ఆ ఉద్యోగం వదిలి వచ్చినవాడు. స్కూలు పోటీల్లో మెరిసినవాళ్లను అమెరికా కాలేజీలు ఎలాగూ ఎగరేసుకుపోయేవి. ఆయనకు మిగిలింది ఎవరూ అడగని పిల్లలు. అసాఫా పావెల్ అలాంటివాడే. 2005లో ఏథెన్స్‌లో 9.77, 2007లో రియేటీలో 9.74, రెండూ ప్రపంచ రికార్డులు. ఎలేన్ థాంప్సన్ స్కూల్లో ఉన్నంతకాలం 100 మీటర్లలో జాతీయ స్థాయి టైటిల్ గెలవలేదు. 2016 రియోలో 100, 200 రెండింటా స్వర్ణాలు ఆమెవే. వసతుల మాటకొస్తే, యూటెక్‌లోని గడ్డి ట్రాక్, ఒక జిమ్. తెల్లవారకముందే మొదలయ్యే సాధన.

గడ్డి ట్రాక్ అనగానే జాలిపడేవాళ్లున్నారు. అక్టోబరు నుంచి డిసెంబరు దాకా సాగే పునాది దశకు గడ్డే మేలు. 200, 300 మీటర్ల పరుగులు 60-75 శాతం వేగంతో ఎన్నోసార్లు చేయాల్సిన ఆ రోజుల్లో సింథటిక్ (రబ్బరు పూత) ట్రాక్ మీద అయితే మోకాలి కింది ఎముక ముందుభాగంలో నొప్పి పట్టుకుంటుంది. కాళ్లకు తగిలే అదురును గడ్డి కొంత మింగేస్తుంది. ఇబ్బందులూ ఉన్నాయి. నేల ఎగుడుదిగుడుగా ఉంటే చీలమండ మడతపడుతుంది కాబట్టి సాధనకు ముందు లేన్ పొడవునా ఒకసారి నడిచి చూసుకోవాలి. గడ్డి మీద పాదం నేలను తాకి ఉండే సమయం పెరుగుతుంది. పూర్తి వేగంలో మేటి స్ప్రింటర్ పాదం నేల మీద ఉండేది 0.08-0.09 సెకన్లే. అంచేత పూర్తి వేగం నేర్పే రోజు మాత్రం సింథటిక్ ట్రాక్ కావలసిందే. అది వారానికి ఒకటి రెండు పూటలే, అద్దెకో అడిగి తీసుకునో నడుపుకోవచ్చు.

అసలు కిటుకంతా ఆ ఒకటి రెండు పూటల్లో ఉంది. బయటివాళ్లకు స్ప్రింట్ సాధన సోమరితనంలా కనిపిస్తుంది. 20-30 మీటర్లు వేగం పుంజుకుని, తర్వాతి 30 మీటర్లు పూర్తి వేగంతో దూసుకెళ్లడం. అలాంటివి నాలుగు నుంచి ఆరు. ఒక్కోదాని మధ్య విశ్రాంతి, గట్టిగా పరిగెత్తిన ప్రతి 10 మీటర్లకు ఒక నిమిషం చొప్పున. అంటే కనీసం ఐదారు నిమిషాలు ఊరికే నిలబడడం, నడవడం. కొత్త కోచ్‌లు దెబ్బతినేది ఇక్కడే. పిల్లలు ఖాళీగా కనబడితే వాళ్లకు చేతులూరుకోవు. విశ్రాంతిని రెండు నిమిషాలకు కుదిస్తారు. నరాలు, కండరాలు కోలుకోకముందే మళ్లీ పరుగు పెడితే అది వేగ సాధన కాదు, అలుపును ఓర్చుకునే సాధన అవుతుంది. దీనికి కొలత తేలిక: 30 మీటర్లు 2.80 సెకన్లలో వస్తున్న కుర్రాడికి 2.87 దాటిందంటే ఆ పూటకు స్పైక్స్ (మేకుల బూట్లు) విప్పించాలి. ప్రణాళికలో ఇంకా రెండు మిగిలాయి కదా అని పరిగెత్తిస్తే, మెదడు నేర్చుకునేది నెమ్మదిగా పరిగెత్తడమే. ఇలాంటి పూటకూ మరో పూటకూ మధ్య 48 గంటలు ఉండాలి. బరువులెత్తేది కూడా ఈ కష్టమైన రోజునే, పరుగు అయ్యాక పెట్టుకోవాలి. ముందురోజు బరువైన స్క్వాట్లు చేయించి మర్నాడు పూర్తి వేగం అడిగితే తొడ వెనుక కండరం సమాధానం చెబుతుంది.

ఆ కండరం గురించి కొంచెం వివరంగా రాయాలి, స్ప్రింటర్ల సీజన్లను ఎక్కువగా మింగేది అదే కనుక. చాలామంది అనుకున్నట్టు అది వార్మప్ చాలకపోవడం వల్ల మాత్రమే తెగదు. కాలు ముందుకు విసిరి, పాదం నేలను తాకబోయే ముందు ఘడియలో, సాగుతూనే బ్రేకు వేయాల్సిన పని ఆ కండరానిది. అలసట వల్లో, తుంటి ముందుకు ఒరగడం వల్లో అడుగు శరీరానికి మరీ ముందు పడితే ఆ సాగుడు ఇంకా పెరుగుతుంది. ఒకసారి చిరిగిన చోట మళ్లీ చిరిగే అవకాశం ఎక్కువ. మందు రెండు రకాలు. ఒకటి, మోకాళ్ల మీద కూర్చుని, మడమలను ఎవరైనా పట్టుకోగా ముందుకు మెల్లగా వాలే నార్డిక్ వ్యాయామం, పోటీల సీజన్‌లోనూ మానకుండా. రెండోది విచిత్రంగా తోస్తుంది గాని, పూర్తి వేగంతో క్రమం తప్పకుండా పరిగెత్తడం. నెలల తరబడి 80 శాతం దగ్గరే ఉంచి, పోటీ రోజున ఒక్కసారిగా నూరు శాతం అడిగితే తెగడం ఖాయం.

మొదటి 30 మీటర్ల గురించి ఎక్కువ చెప్పం, అది చాలామందికి తెలిసిందే. బ్లాక్స్‌లో ముందు పెడల్ ప్రారంభ గీతకు సుమారు రెండు పాదాల దూరంలో, వెనుకది మూడు పాదాల దూరంలో. ‘సెట్’ అన్నప్పుడు ముందు మోకాలు దాదాపు 90 డిగ్రీలు, వెనుకది 120-130. కాళ్లలో ఇంకా బలం రాని పిల్లలకు పెద్దవాళ్ల కొలతలు పెడితే బ్లాక్స్‌లోంచి లేవలేక రెండో అడుగుకే నిటారుగా నిలబడిపోతారు. పెడళ్లు కాస్త వెనక్కి జరిపితే చాలు. స్లెడ్ (బరువు పెట్టి నడుముకు కట్టి లాగే బండి) లాగించేటప్పుడు పరుగు వేగం 10 శాతానికి మించి తగ్గకూడదు. బరువు పెంచేది మొదటి 10 మీటర్ల తోపు కోసమైతేనే.

ఇంత పట్టుదలగా పూర్తి వేగం వెంట ఎందుకు పడాలో 2009 బెర్లిన్ పరుగు చూపిస్తుంది. ఉసేన్ బోల్ట్ 9.58 సెకన్ల రికార్డులో 20 మీటర్లకొకసారి తీసిన లెక్కలు: 2.89, 4.64, 6.31, 7.92, 9.58. అత్యంత వేగంగా సాగింది 60 నుంచి 80 మీటర్ల మధ్య, 1.61 సెకన్లు. చివరి 20 మీటర్లకు 1.66 పట్టింది. ప్రపంచంలో అందరికంటే వేగంగా పరిగెత్తిన మనిషి కూడా చివర్లో నెమ్మదించాడు. టీవీలో ‘ఆఖర్లో పుంజుకున్నాడు’ అని చెప్పేది కంటికి కలిగే భ్రమ, పక్కవాళ్లు ఇంకా ఎక్కువ నెమ్మదించారంతే. ఆ చివరి 20 మీటర్ల కోసం చేసేది వేరే సాధన: 95 శాతం వేగంతో 150 మీటర్లు మూడుసార్లు, మధ్యలో పది పన్నెండు నిమిషాల విరామం. ఇది పునాది దశలో చేయిస్తే దండగ, పోటీలకు ఆరేడు వారాల ముందు నుంచే పనికొస్తుంది.

ఇవన్నీ తెలిసిన కోచ్‌లు లోకంలో చాలామందే ఉన్నారు. తెలిసినదాన్ని అమలు చేసే అధికారం ఉన్నవాళ్లే తక్కువ. 2023 జమైకా జాతీయ సెలక్షన్ పోటీలనే చూడండి. అంతవరకూ పెద్దగా ఎవరికీ తెలియని కిషేన్ థాంప్సన్ 100 మీటర్ల మొదటి రౌండులో 9.91 పరిగెత్తాడు. సెమీస్‌కు రాలేదు. గాయాలతో సతమతమైన ఆ కుర్రాడి శరీరం ఆ ఏడాది ఒక్క రౌండుకు మించి తట్టుకోదని అతని కోచ్ ఫ్రాన్సిస్ ముందే లెక్కగట్టి పెట్టుకున్నాడు. ప్రపంచ పోటీల బెర్తు ఎదురుగా కనిపిస్తున్నా ఆ లెక్క మార్చలేదు. మరుసటి ఏడాది అవే పోటీల్లో మూడు రౌండ్లూ దిగి 9.82, 9.84, 9.77 పరిగెత్తాడు. పారిస్ ఒలింపిక్స్‌లో నోవా లైల్స్ 9.784, థాంప్సన్ 9.789. స్వర్ణం సెకనులో వెయ్యింట అయిదు వంతుల తేడాతో చేజారింది. 2025 జూన్‌లో కింగ్‌స్టన్‌లోనే 9.75. మొదటి ఏడాది ఆపకపోయి ఉంటే ఈ వరుస ఉండేదా అన్నది మా అనుమానం. పాయింట్ల కోసం జీతం తీసుకునే కోచ్ 9.91 పరిగెత్తిన కుర్రాణ్ని ఇంటికి పంపగలడా?

సెవిల్‌ను తయారుచేసిన రేసర్స్ క్లబ్ కోచ్ గ్లెన్ మిల్స్ బోల్ట్ విషయంలో చేసిందీ అలాంటిదే, ఇంకా నిదానంగా. బోల్ట్ 2002లో పదిహేనేళ్లకే కింగ్‌స్టన్‌లో ప్రపంచ జూనియర్ 200 మీటర్ల టైటిల్ గెలిచాడు. అమెరికా స్కాలర్‌షిప్‌లు కాదని ఇంట్లోనే ఉండిపోయాడు. 2004 ఏథెన్స్‌లో గాయంతో మొదటి రౌండులోనే వెనుదిరిగాడు. వెన్నెముక వంపు వల్ల తొడ కండరాల మీద అదనపు భారం పడేది. ఆ ఏడాది చివర్లో అతన్ని చేతికి తీసుకున్న మిల్స్ వెన్ను, నడుము చుట్టూ ఉండే కండరాలను బలపరచడం మీద, పరుగు తీరు మీద కూర్చున్నాడు. 100 మీటర్లు పరిగెత్తుతానని బోల్ట్ మొండిపట్టు పడితే, ముందు 200లో జాతీయ రికార్డు బద్దలు కొట్టమన్నాడు. అది డాన్ క్వారీ 1971లో నెలకొల్పిన 19.86. 2007 జూన్‌లో బోల్ట్ 19.75 పరిగెత్తాక గాని మాట నిలబెట్టుకోవాల్సిన వంతు కోచ్‌కు రాలేదు. జులైలో క్రీట్ దీవిలో దిగిన ఆ 100 మీటర్లలో టైము 10.03. ఏడాది తిరక్కుండా 9.72 ప్రపంచ రికార్డు. మిల్స్ చేతికి తీసుకున్నప్పటి నుంచి లెక్కేస్తే మూడున్నరేళ్లు, మధ్యలో గాయాలు, ‘ఈ కుర్రాడు పని దొంగ’ అన్న విమర్శలు. అన్నాళ్లు ఓర్చుకునే యాజమాన్యం ఎక్కడ దొరుకుతుంది?

ఇక చాంప్స్. 1910 నుంచి జరుగుతున్న ఈ హైస్కూలు పోటీలకు కింగ్‌స్టన్ జాతీయ స్టేడియం కిక్కిరిసిపోతుంది. జమైకా గురించి రాసే ప్రతివారూ దీన్ని ఆకాశానికెత్తుతారు. పదిహేనేళ్లకే కిక్కిరిసిన స్టేడియంలో పరిగెత్తినవాళ్లకు ఒలింపిక్ ఫైనల్లో కాళ్లు వణకవు, నిజమే. అయితే స్కూలు పరువు కోసం ఒకే వారంలో హీట్స్, సెమీస్, ఫైనల్స్, రిలేలు పరిగెత్తించి పిల్లల్ని పిండేసే జబ్బు అక్కడా ఉంది. ఫ్రాన్సిస్ ఎవరూ పట్టించుకోని పిల్లలతో నెగ్గడానికి ఒక కారణం, వాళ్ల కాళ్లు అప్పటికింకా అరిగిపోకపోవడమేనని మేం అనుకుంటాం.

ఇంటి కోచ్ పద్ధతిలో లొసుగులు లేవని చెబితే అబద్ధమవుతుంది. అంతా ఒక్క మనిషి చుట్టూ తిరుగుతుంది. షెల్లీ-ఆన్ ఫ్రేజర్ ప్రైస్ రెండు ఒలింపిక్ 100 మీటర్ల స్వర్ణాలు గెలిచింది ఫ్రాన్సిస్ శిక్షణలోనే. 2020లో ఆమె ఆయన్ని వదిలి రెనాల్డో వాల్కాట్ దగ్గరకు వెళ్లి, మరుసటి ఏడాది 10.60 పరిగెత్తింది. గురువు మారితే పతనమే అన్న భయానికి అక్కడితో తెరపడింది. ఇంతకంటే బరువైన సంగతి డోపింగ్. 2013లో పావెల్, మరో స్ప్రింటర్ షెరోన్ సింప్సన్ నిషిద్ధ ఉత్ప్రేరకం ఆక్సిలోఫ్రిన్ పరీక్షలో దొరికారు. పద్దెనిమిది నెలల నిషేధాన్ని క్రీడా మధ్యవర్తిత్వ న్యాయస్థానం ఆరు నెలలకు తగ్గించింది. రిలే జట్టులోని నెస్టా కార్టర్ పాత నమూనా మళ్లీ పరీక్షించాక 2008 బీజింగ్ ఒలింపిక్స్ రిలే స్వర్ణం 2017లో వెనక్కి పోయింది. 2012 లండన్ ఒలింపిక్స్‌కు ముందు నెలల్లో జమైకా డోపింగ్ నిరోధక సంస్థ పోటీలు లేని వేళల్లో చేసిన పరీక్ష ఒకే ఒక్కటని తర్వాత బయటపడింది. ఇంట్లోనే తయారుచేస్తామనే దేశం ఇంట్లో పరీక్షలూ అంతే గట్టిగా చేయాలి. కోచ్ తన పిల్లలు మింగే ప్రతి సప్లిమెంట్ డబ్బా మీద బ్యాచ్ నంబరు రాసిపెట్టుకోవాలి. బయటి ఫిజియో, ట్రెయినర్ ఎవరు ఏమిచ్చినా కోచ్‌కు తెలియకుండా నోట్లో పడకూడదు.

ఇంట్లోనే అంటే ఎప్పుడూ గడప దాటరని కాదు. వేసవి సీజన్‌లో ఎం.వి.పి. మకాం ఇటలీలోని లిన్యానో పట్టణం. యూరప్‌లో వారానికో పోటీ ఉంటుంది. ప్రతిసారీ అట్లాంటిక్ దాటి వస్తే ప్రయాణమే కాళ్లను తినేస్తుంది. మకాం మారినా కోచ్ మారడు.

చివరగా మీ క్రీడా పేజీకి మా విన్నపాలు. 100 మీటర్ల ఫలితం వేసినప్పుడు గాలి లెక్క కూడా వేయండి. వెనుక నుంచి సెకనుకు 2.0 మీటర్ల గాలి ఉంటే మేటి పురుష స్ప్రింటర్‌కు దాదాపు 0.10 సెకను కలిసొస్తుంది, అంతకు మించితే అది రికార్డుకే పనికిరాదు. టైము ఎలక్ట్రానిక్‌దా, స్టాప్‌వాచ్‌దా చెప్పండి. చేత్తో నొక్కిన 10.5 అంటే ఎలక్ట్రానిక్ లెక్కలో సుమారు 10.74, ట్రాక్ మీద రెండు మీటర్లకు పైగా తేడా. కోచ్ పేరు, ఎన్నేళ్లుగా అతని దగ్గర ఉన్నాడన్నది ఒక్క ముక్కలో రాయండి. హీట్స్‌లో బాగా పరిగెత్తినవాడు ఫైనల్‌కు రాకపోతే ‘గాయం’ అనో ‘భయపడి తప్పుకున్నాడు’ అనో శీర్షిక పెట్టేముందు కోచ్‌కు ఒక ఫోన్ చేసి, ఇది ముందే అనుకున్నదేనా అని అడగండి.

ఇట్లు,
ఇద్దరు స్ప్రింట్ శిక్షకులు